కెమెరా ముందుకు రాకముందు చేయాల్సిన పని

సంపాదకుడు గారికి,

దూరదర్శన్‌లో తొలి తెలుగు న్యూస్‌రీడర్ శాంతిస్వరూప్ గారి ప్రస్తావన వస్తే 1983 నవంబర్ 14న మొదటి వార్తలు చదివారనీ, చదవాల్సిన వార్తను కెమెరా దగ్గర తెర మీద చూపే టెలీప్రాంప్టర్ లేకుండానే ఏళ్ల తరబడి నెగ్గుకొచ్చారనీ చెప్పి ఆపేస్తారు. 2024 ఏప్రిల్ 5న ఆయన కన్నుమూసినప్పటి నివాళుల్లోనూ అంతే. ప్రాంప్టర్ లేదు కాబట్టి వార్తను ముందే అర్థం చేసుకుని మనసులో నిలుపుకోక తప్పేది కాదు. నెల్లూరు, ఒంగోలు లోకల్ చానెళ్లలో చేరే కొత్త పిల్లలకు నేర్పాల్సింది ఆ పనే.

ప్రాంప్టర్ తెర మీద లైనుకు మూడు నాలుగు మాటలే పడతాయి. మన భాషలో అవునో కాదో తేలేది వాక్యం చివర. 'సోమశిల గేట్లు ఎత్తే అవకాశం' అని ఒక లైను, 'ఇప్పట్లో లేదు' అని కింది లైను. కాపీ, అంటే చదవాల్సిన వార్త రాతప్రతి, ముందుగా చూడనివాళ్లు మొదటి లైనును హెచ్చరికలా పలికేస్తారు. ఆ జలాశయం కింద పెన్నా ఒడ్డున వినేవాళ్లు ఆ సగం మాటకే సామాన్లు సర్దుకుంటారు.

అందుకే కాపీని రెండుసార్లు పైకి చదవాలి. మొదటిసారి అర్థం కోసం. రెండోసారి పెన్సిలు పట్టుకుని, ఊపిరి తీసుకునే చోట నిలువు గీత, ఒత్తి పలికే మాట కింద అడ్డగీత పెట్టుకోవాలి. ఒక్క ఊపిరిలో రాని వాక్యాన్ని వార్తలు రాసే డెస్కు చేత రెండుగా విడగొట్టించాలి. అంకెలు అక్షరాల్లో ఉండాలి. 1,05,000ను కంగారులో లక్షా యాభై వేలుగా చదివేయడం మామూలే.

కొలతల దగ్గర ఇంకా ప్రమాదం. క్యూసెక్కు అంటే సెకనుకు ఒక ఘనపుటడుగు ప్రవాహం, టీఎంసీ అంటే వంద కోట్ల ఘనపుటడుగుల నీరు. లక్ష క్యూసెక్కులు రోజంతా పారితే 8.64 టీఎంసీలు. 2021 నవంబర్ వరదకు మా నెల్లూరు జిల్లా పడుగుపాడు దగ్గర రైలుకట్టే కోసుకుపోయింది. అలాంటి జిల్లాలో క్యూసెక్కులనూ టీఎంసీలనూ కలిపేసి చదవడం క్షమించరాని తప్పు.

తుపాను 'తీరం దాటింది' అనగానే గొంతు తేలిక చేయకూడదు. తుపాను కన్ను ఊరి మీదుగా పోతే గాలి కాసేపు ఆగి, ఎదురు దిక్కు నుంచి మళ్లీ విరుచుకుపడుతుంది. ఆ కాసేపట్లోనే జనం బయటికొస్తారు. 'ఇళ్లలోనే ఉండండి' అనే మాట ఆ వాక్యం వెంటనే, అదే బరువుతో రావాలి.

ఊరి పేరు సందేహమైతే ఆ మండల విలేకరికి ఫోన్ చేస్తే సరిపోతుంది. బుచ్చిరెడ్డిపాళెంను ఇక్కడివాళ్లే 'పాలెం' అని చదవడం బాధగా ఉంది.

చానెళ్ల యాజమాన్యాలకు మా విన్నపం: బులెటిన్‌కు ఇరవై నిమిషాల ముందు కాపీ రీడర్ చేతికివ్వండి. కరెంటు పోయి ప్రాంప్టర్ ఆగినా చదవగలిగేలా కాగితం ప్రతి ఒకటి బల్ల మీద ఉంచండి.

– వార్తల డెస్కుల్లో పనిచేసే కొందరం, నెల్లూరు