వేడినీళ్ల రిటర్న్ లైను గోడలు మూయకముందే వేయించాలి

సంపాదకులకు నమస్కారం.

ధనుర్మాసం వస్తే తెల్లవారుజామున అర బకెట్టు చన్నీళ్లు వదిలితే గానీ కుళాయిలో వేడి తగలదు. గుంటూరులో బ్రాడీపేట, లక్ష్మీపురం, పట్టాభిపురం వైపు డాబా మీద సోలార్ హీటర్ పెట్టుకున్న మేడల్లో కింది వాటాల వాళ్లకు రోజూ ఉండే బాధే ఇది. ముప్పావు అంగుళం సీపీవీసీ (వేడినీళ్లకు వాడే ప్లాస్టిక్) పైపులో మీటరుకు పావు లీటరు పైనే నీళ్లు నిలుస్తాయి. డాబా నుంచి కింది స్నానాల గదికి 20 మీటర్లుంటే 5 లీటర్లకు పైమాటే. రాత్రంతా పైపులో చల్లారినవి ముందు దిగుతాయి, ఆ తర్వాత వచ్చే వేడిలో కొంత పైపే లాగేసుకుంటుంది. ఇద్దరు ముగ్గురు వేర్వేరు వేళల్లో స్నానం చేస్తే ఇదంతా మళ్లీ మొదలు.

దీనికి మందు, నీళ్లను పైపుల్లో తిప్పే సర్క్యులేషన్ పంపు. చివరి కుళాయి దగ్గర టీ (మూడు దారుల జాయింటు) వేసి, అక్కడి నుంచి అరంగుళం సీపీవీసీ పైపును తిరిగి సోలార్ హీటరు ట్యాంకు దాకా తీసుకెళ్లాలి. ఇదే రిటర్న్ లైను. చల్లారిన నీళ్లు కాలవలోకి కాకుండా వెనక్కి ట్యాంకులోకి పోతాయి.

పంపు కొనేటప్పుడే చాలామంది పొరపాటు పడుతున్నారు. మూడంతస్తులు ఎక్కించాలి కదా అని అర హెచ్‌పీ ప్రెజర్ మోటారు బిగిస్తున్నారు. అది అక్కర్లేదు. లైను నిండా నీళ్లుంటే దిగే నీళ్ల బరువూ ఎక్కే నీళ్ల బరువూ సరిసమానం. పంపు గెలవాల్సింది పైపు లోపలి రాపిడినే. ఇంతటి ఇంట్లో నిమిషానికి రెండు రెండున్నర లీటర్లు తిరిగితే చాలు, ఆ రాపిడి ఒక మీటరు హెడ్ (మీటరు ఎత్తు నీళ్ల ఒత్తిడి) లోపే ఉంటుంది. 20, 25 వాట్ల చిన్న సర్క్యులేటర్ సరిపోతుంది. బాడీ మాత్రం ఇత్తడిదో, కంచుదో, స్టెయిన్‌లెస్ స్టీలుదో అయి ఉండాలి. రోజూ కొత్త నీళ్లతో పాటు గాలీ వస్తుంది కాబట్టి పోత ఇనుము తుప్పు పట్టి నీళ్లు ఎర్రబడతాయి.

పంపును డాబా మీద ట్యాంకు పక్కన పెడితే దాని మీద నీళ్ల ఒత్తిడి దాదాపు ఉండదు. గాలి పట్టేసి గరగరలాడుతుంది. కింద, రిటర్న్ లైను మొదలయ్యేచోట పెడితే పైనున్న నీళ్ల బరువంతా దాని మీద ఉంటుంది, చప్పుడు లేకుండా తిరుగుతుంది. షాఫ్టు నేలకు సమాంతరంగా ఉండాలి, బాణం గుర్తు ట్యాంకు వైపు చూడాలి. రెండు పక్కలా బాల్ వాల్వు, యూనియన్ (విప్పి బిగించుకునే జాయింటు) పెడితే రేపు రిపేరుకు లైనంతా ఖాళీ చేయనక్కర్లేదు. స్నానాల గది లోపల మాత్రం బిగించకండి. బయట వాష్ ఏరియాలో, ఎర్తింగుతో, 30 మిల్లీఆంపియర్ల ఆర్‌సీసీబీ (కరెంటు లీకైతే ఆపేసే స్విచ్) మీద ఉండాలి.

పంపు తర్వాత, నీళ్లను ఒకవైపే పోనిచ్చే నాన్ రిటర్న్ వాల్వు తప్పనిసరి. అది లేకపోతే కుళాయి తిప్పగానే ట్యాంకు అడుగున ఉన్న చన్నీళ్లు రిటర్న్ లైనులోంచి వెనక్కి దిగి వేడినీళ్లలో కలుస్తాయి. స్ప్రింగు గట్టిగా ఉన్న రకం వద్దు, ఇంత చిన్న పంపు దాన్ని తెరవలేదు. బిగించాక పంపు ఆపి, వేడినీళ్ల కుళాయి తిప్పి, రిటర్న్ పైపు మీద చెయ్యి వేసి చూడండి. వెచ్చగా ఉన్న పైపు చేతి కిందే చల్లబడుతోందంటే వాల్వు మూసుకోవడం లేదన్నమాట. విప్పి చూస్తే చాలాసార్లు రేకు కింద టెఫ్లాన్ టేపు పీలికో, సీపీవీసీ కోసినప్పటి పొట్టో కనిపిస్తుంది. అందుకే వాల్వు బిగించకముందే లైనును నీళ్లతో బాగా కడగాలి.

రిటర్న్ లైనును హీటరుకు వెళ్లే చన్నీళ్ల పైపులో, అక్కడి నాన్ రిటర్న్ వాల్వు దాటాక ట్యాంకు వైపు కలపాలి. ఇవతల కలిపితే వేడినీళ్లు ఓవర్‌హెడ్ ట్యాంకులోకి పోతాయి. హీటరు ట్యాంకు మీది, గాలీ ఆవిరీ బయటికి పోయే ఎయిర్ వెంట్ పైపును ఎవరు చెప్పినా మూయకండి. చవక అని రిటర్నుకు మామూలు పీవీసీ వేస్తే మన ఎండాకాలపు సోలార్ వేడికి మెత్తబడి వంగిపోతుంది.

పంపు రాత్రింబవళ్లు తిరగకూడదు. రానూపోనూ 40 మీటర్ల పైపుకు తొడుగు లేకపోతే 200 లీటర్ల ట్యాంకులో పగలంతా చేరిన వేడిలో చాలా భాగం తెల్లారేసరికి గాలిలో కలుస్తుంది. 13 మిల్లీమీటర్ల నైట్రైల్ రబ్బరు తొడుగు వేయండి. డాబా మీది భాగానికి పైన అల్యూమినియం రేకు కూడా చుట్టాలి, లేదంటే ఎండకు పొడిపొడిగా రాలుతుంది. టైమరు కంటే స్నానాల గది బయట బెల్ స్విచ్ లాంటిది పెట్టి, నొక్కితే రెండు మూడు నిమిషాలు తిరిగేలా చేయడమే నాకు మేలనిపిస్తుంది. రిటర్న్ పైపుకు 40 డిగ్రీల దగ్గర ఆపే థర్మోస్టాట్ కడితే ఇంకా మంచిది. బోరు నీళ్లు వాడే ఇళ్లలో సున్నం పేరుకుని పంపు లోపల తిరిగే రోటరు పట్టేస్తుంది. ఎండాకాలంలో అవసరం లేకపోయినా వారానికోసారి పంపును కాసేపు తిప్పండి.

గదికో గీజరున్న ఇళ్లకు ఇదంతా అనవసరం. ఇప్పటికే కట్టేసిన ఇళ్లలో చన్నీళ్ల లైనునే రిటర్నుగా వాడే వాల్వులూ ఉన్నాయి గానీ, మన దగ్గర ఆ లైను నేరుగా ఓవర్‌హెడ్ ట్యాంకుకే పోతుంది. వెచ్చటి నీళ్లు అందులో కలుస్తాయి కాబట్టి వాటిని సిఫారసు చేయలేను.

విజయవాడ, గుంటూరు చుట్టుపక్కల ఇళ్లు కట్టిస్తున్నవాళ్లకూ బిల్డర్లకూ నా మనవి ఒక్కటే. ఇప్పుడే పంపు కొనకపోయినా, గోడలకు పైపుల కోసం గాడులు కొట్టినప్పుడే ఈ అరంగుళం పైపు కూడా వేయించి, రెండు కొసలకూ ఎండ్ క్యాప్ బిగించండి. ప్లాస్టరింగుకు ముందు లైనులో ఒత్తిడి పెట్టి ఒక రాత్రి ఉంచి, పొద్దున గేజీలో ముల్లు దిగిందేమో చూసుకోండి. పైపు ఎటు పోయిందో ఫోనులో ఫొటో తీసి పెట్టుకోండి.

– సోలార్ హీటర్లు బిగించే ప్లంబరు, గుంటూరు