నీటిగుర్రం కథకి డబ్బు పెట్టించిన నిర్మాత

నిన్న కరీబియన్ సినిమాల మాట వచ్చింది కదా, అందుకే ఇది. డొమినికన్ రిపబ్లిక్‌కి చెందిన తాన్యా వాలెట్ పేరు గుర్తుపెట్టుకోండి. 1986లో కొలంబియా రచయిత గాబ్రియేల్ గార్సియా మార్కేజ్ వాళ్లు క్యూబాలో పెట్టిన సినిమా స్కూల్లో చదివి, తర్వాత దానికే డైరెక్టరయ్యారు.

2024లో బెర్లిన్ ఫిల్మ్ ఫెస్టివల్‌లో నెల్సన్ కార్లో దే లోస్ సాంతోస్ ఆరియాస్‌కి ఉత్తమ దర్శకుడిగా సిల్వర్ బేర్ అవార్డు తెచ్చిన ‘పెపే’ సినిమా నిర్మాతల్లో ఆవిడా ఒకరు. అందులో కథ చెప్పేది కొలంబియా డ్రగ్స్ డాన్ పాబ్లో ఎస్కోబార్ పెంచిన నీటిగుర్రాల్లో ఒకటి, అదీ చచ్చిపోయాక! ఈ కథ పట్టుకుని డబ్బు అడగడానికి వెళ్లాలంటే ఎంత గుండె ఉండాలో ఆలోచించండి.

డొమినికన్ రిపబ్లిక్‌లో 2010లో సినిమా చట్టం వచ్చింది, స్థానిక సినిమాలో పెట్టుబడి పెట్టే కంపెనీలు తాము కట్టాల్సిన ఆదాయపు పన్నులో 25% దాకా తగ్గించుకోవచ్చు. దాంతో నిర్మాణం బాగా పెరిగింది, కాకపోతే పన్ను మిగిలే చోట డబ్బు మామూలుగా కామెడీల వైపే పోతుంది (మన దగ్గరైనా అంతేగా). అందుకే నాకు అవార్డుకన్నా ఆ నిర్మాతల పట్టుదలే గొప్పగా అనిపిస్తుంది. కథ కొలంబియాది, ఆఫ్రికాది అయినా డొమినికన్ సినిమా అంటే బీచ్‌లూ రిసార్టులే కాదని చూపించారు.

‘పెపే’ ఎక్కడైనా లీగల్‌గా దొరుకుతుంటే లింక్ పెట్టండి, పైరసీ లింకులు మాత్రం వద్దు ప్లీజ్.