కోటిపల్లి స్టేషన్ 2004లో పుట్టలేదు

సంపాదకుల వారికి, నమస్కారం.

కిందటి వారం మీ జిల్లా పేజీలో కాకినాడ – కోటిపల్లి రైలు మార్గం మీద వచ్చిన వార్త చదివాను. కోపం తగ్గాక రాద్దామని ఇన్నాళ్లు ఆగాను. తగ్గలేదు. లైను 2004లో మొదలైందట, జనం ఎక్కక నష్టాలు వచ్చి ఆగిపోయిందట. మా స్టేషన్ చరిత్ర మొత్తం మీ విలేకరి రెండు వాక్యాల్లో తేల్చేశారు. ఊళ్లోకి వచ్చి పెద్దవాళ్లలో ఒక్కరిని అడిగినా అలా రాసి ఉండేవారు కాదు.

ఈ లైను 1928 నాటిది. కాకినాడలో బయలుదేరి కరప, వేళంగి, రామచంద్రపురం, ద్రాక్షారామ మీదుగా కోటిపల్లి దాకా 45 కిలోమీటర్లు వేశారు. గోదావరి గట్టున ఉన్న ఇంత చిన్న ఊరికి రైలు ఎందుకు తెచ్చారో మ్యాపు చూస్తే తెలుస్తుంది. అవతలి ఒడ్డున ముక్తేశ్వరం, అక్కడి నుంచి కోనసీమ. ఒక పక్క గౌతమి, ఇంకో పక్క వశిష్ఠ, కింద సముద్రం. వంతెనలు లేని ఆ రోజుల్లో అమలాపురం వైపు వాళ్లకు కాకినాడ వెళ్లాలంటే రేవు దాటడం తప్పదు. పడవ దిగి నాలుగు అడుగులు వేస్తే రైలు. కోర్టు పని ఉన్నవాళ్లు, పెద్దాసుపత్రికి పోయేవాళ్లు, శివరాత్రికి సోమేశ్వరస్వామి దర్శనానికి వచ్చేవాళ్లు ఈ స్టేషన్‌లోనే ఎక్కి దిగారని మా తాతగారు చెప్పేవారు.

1940లో రెండో ప్రపంచ యుద్ధానికి ఇనుము కావాలని తెల్లదొరలు పట్టాలు పీక్కుపోయారు. యుద్ధం అయిపోయింది, స్వాతంత్ర్యం వచ్చింది, రాష్ట్రాలు మారాయి, పట్టాలు మాత్రం తిరిగి రాలేదు. అరవై ఏళ్లకు పైగా ఈ ప్రాంతం రైలు లేకుండానే బతికింది. మళ్లీ ఆ మాట ఢిల్లీలో గట్టిగా వినిపించింది కోనసీమ బిడ్డ, లోక్‌సభ స్పీకర్ జి.ఎం.సి. బాలయోగి గారు. ఆయన పట్టుబట్టబట్టే పాత లైను తిరిగి వేయడం, కోటిపల్లి నుంచి నరసాపురం దాకా కొత్త లైను కట్టడం రెండూ కదిలాయి. 2002 మార్చి 3న కైకలూరు దగ్గర హెలికాప్టర్ కూలి ఆయన పోయారు. రెండేళ్ల తర్వాత రైలు వచ్చింది. ఆయన చూడలేదు. మీ వార్తలో ఆయన పేరు కూడా లేదు! ఈ సంగతి నన్ను మిగతా అన్నిటికంటే ఎక్కువ బాధపెట్టింది.

ఇక నష్టాల సంగతి. ఈ లైను మీద మాకు ఇచ్చింది ఒకే ఒక్క పెట్టె ఉన్న రైలు బస్సు. దారిలో గేట్ల దగ్గర కాపలా మనిషి ఉండేవాడు కాదు. బండి ఆగాల్సి వచ్చేది, అందులోని సిబ్బంది దిగి గేటు వేసేవారు, బండి దాటాక మళ్లీ తీసి పరుగున వచ్చి ఎక్కేవారు. అలా గేటు గేటుకీ ఆగుతూ కాకినాడ చేరేసరికి ఎంతసేపు పట్టేదో చెప్పక్కర్లేదు. వేళలు చూస్తే కాలేజీకీ పనికొచ్చేవి కావు, ఆఫీసుకీ పనికొచ్చేవి కావు. ఉదయం ఏడింటికి బయలుదేరి తొమ్మిదికి కాకినాడలో దింపే బండి వేసి, అప్పుడు జనం ఎక్కలేదంటే ఒప్పుకుంటాను. ఆ ప్రయత్నమే చేయకుండా ప్రయాణికులు లేరని రాసుకోవడం న్యాయం కాదు. ఆ వేళకు మా దగ్గర బస్సుల ఫుట్‌బోర్డు మీద వేలాడుతున్న పిల్లలు ఎవరు మరి? వాళ్లు ప్రయాణికులు కారా?

2020లో కరోనా వచ్చి దేశంలో ప్రయాణికుల రైళ్లన్నీ ఆగాయి. మిగతా చోట్ల ఒక్కొక్కటీ పట్టాలెక్కాయి, మా రైలు బస్సు ఎక్కలేదు. ఇవాళ స్టేషన్‌కి వెళ్లి చూడండి. టికెట్ల కిటికీ మూసే ఉంటుంది, చువ్వలకు సాలెగూళ్లు. పట్టాల మధ్య సర్కారు తుమ్మ మనిషెత్తు పెరిగింది. పసుపు బోర్డు మీద పెయింటు పొరలు పొరలుగా లేచిపోయి, ఊరి పేరు తెలిసినవాళ్లే చదవగలిగేలా ఉంది. మాసూళ్లప్పుడు ప్లాట్‌ఫారం మీద ధాన్యం ఆరబోసుకుంటున్నారు. రైతుల్ని నేను తప్పుపట్టను, వాళ్లకు కల్లాలు ఎక్కడున్నాయి?

నాకు అర్థం కానిది ఇంకొకటి ఉంది. కోటిపల్లి – నరసాపురం లైను 2000–01 బడ్జెట్‌లో మంజూరైంది. 57 కిలోమీటర్లు, గౌతమి, వైనతేయ, వశిష్ఠ మూడు పాయల మీద వంతెనలు. రేవులో నిలబడితే గౌతమిలో లేచిన స్తంభాలు కనిపిస్తాయి. కేంద్రాన్ని అడిగితే రాష్ట్రం తన 25 శాతం వాటా సరిగా కట్టలేదంటారు, రాష్ట్రాన్ని అడిగితే భూసేకరణ అంటారు. ఎన్నికలొస్తే అందరూ మా రైలు పేరు ఎత్తుతారు, ఓట్లయ్యాక ఫైలు ఎక్కడుందో ఎవరికీ తెలియదు. పాతికేళ్లుగా ఇదే వరస. ఆ వంతెనలు పూర్తయిన రోజున నరసాపురం నుంచి వచ్చే రైలు కాకినాడకు పోవాల్సింది ఈ పట్టాల మీదనే కదా! ఏట్లో కోట్లు పోసి స్తంభాలు కడుతూ, ఒడ్డున వేసి ఉన్న లైనును తుమ్మలకు వదిలేయడం ఏ లెక్క ప్రకారం సరైనది? ఈ ప్రశ్నతో నేను ఒక కార్యాలయానికి అర్జీ పెట్టుకున్నాను. సంతకం చేసి తీసుకున్నారు, అంతే.

పాత వాటి మీద మనకు గౌరవం ఎటూ తక్కువ. 1900లో మొదలై 1997 దాకా రైళ్లు మోసిన రాజమండ్రి హేవలాక్ వంతెన సంగతే చూడండి. దాన్ని ఏం చేద్దామనే మాటలు ఎన్ని ప్రభుత్వాలు మాట్లాడాయో! అంత పెద్ద వంతెనకే దిక్కు లేకపోతే మా చిన్న స్టేషన్‌ని ఎవరు పట్టించుకుంటారని మా ఊరివాళ్లే నన్ను అడుగుతున్నారు. మా కుర్రాళ్లకైతే ఇక్కడ ఒకప్పుడు తెల్లదొరల నాటి రైలు నడిచిందని చెబితే నమ్మరు. చెప్పే బోర్డు ఒక్కటైనా స్టేషన్‌లో లేదు. ఒకసారి యుద్ధం పేరు చెప్పి మా రైలు తీసుకుపోయారు. ఇప్పుడు ఏ యుద్ధమూ లేదు. ఏ కారణమూ చెప్పకుండానే రెండోసారి పోతోంది. రైల్వే అధికారులు ముందు తుమ్మలు కొట్టించి, పొద్దున ఒకటి సాయంత్రం ఒకటి పనికొచ్చే వేళకు బండి వేయాలి. లాభనష్టాల లెక్క ఏడాది తర్వాత చూసుకోవచ్చు.

మీకు నా మనవి ఒక్కటే. దయచేసి సవరణ వేయండి. అందులో 1928, 1940 రెండు సంవత్సరాలూ, బాలయోగి గారి పేరూ ఉండాలి. ఏ మూలనో రెండు లైన్లు కాకుండా, ఆ వార్త వేసిన చోటే, అంత అక్షరాల్లోనే వేయండి.

– ఒక రిటైర్డ్ ఉపాధ్యాయుడు, కోటిపల్లి