అరిగిన వేలిముద్రలు, ఆగిన రేషన్

సంపాదకులకు నమస్కారం.

ఏనుమాముల మార్కెట్లో ఏళ్ల తరబడి మిర్చి బస్తాలు మోసిన మా వీధి పెద్దాయన ఒకరు, రేషన్ దుకాణంలో వేళ్లను తడిగుడ్డతో తుడిచి ఎన్నిసార్లు యంత్రంపై పెట్టినా ముద్ర పడక, ఖాళీ సంచితో వెనుదిరగడం చూసి నా మనసు కలతపడింది.

ప్రజల పోషకాహార స్థాయిని పెంచడం ప్రభుత్వ ప్రాథమిక విధుల్లో ఒకటని రాజ్యాంగం 47వ అధికరణ చెబుతున్నా, అది ఉన్న ఆదేశిక సూత్రాలను, అంటే ప్రభుత్వాలకు రాజ్యాంగం ఇచ్చిన మార్గదర్శకాలను, కోర్టుల ద్వారా అమలు చేయించుకునే వీలు లేదని 37వ అధికరణ అంటుంది. అయినా 21వ అధికరణలోని జీవించే హక్కును సుప్రీంకోర్టు విశాలంగా చూసినందువల్లనే, ఆహార హక్కు కేసులో 2001 నాటి ఉత్తర్వులతో సర్కారు బడుల్లో వండిన భోజనం పెట్టక తప్పలేదు. 2013లో రేషన్‌ను చట్టబద్ధ హక్కుగా మార్చిన ఆహార భద్రతా చట్టమూ వచ్చింది. ధ్రువీకరణ విఫలమైందన్న కారణంతో అర్హులకు ప్రయోజనం దూరం కారాదని 2018 ఆధార్ తీర్పు కూడా గుర్తించింది.

ఇన్ని ఉన్నా డీలరు ‘రేపు రా’ అంటే కూలి పోగొట్టుకుని తిరిగేది పేదవాడే. అతన్ని మళ్లీ కోర్టుకెక్కమనడం అన్యాయం. ముద్ర పడనివారికి ప్రత్యామ్నాయ పద్ధతిలో అదే రోజు బియ్యం ఇవ్వాలి. జిల్లా ఫిర్యాదుల పరిష్కార అధికారి ఫోన్ నంబరును ప్రతి దుకాణం ముందూ పెద్ద అక్షరాలతో రాయించాలని పౌర సరఫరాల శాఖను కోరుతున్నాను.

– ఒక పాఠకుడు, వరంగల్