పెంటికలు చూడకుండా మందు పోస్తే ఎలా?
మా నెల్లూరు జిల్లా ఆత్మకూరు వైపు జీవాలకు పేడ పరీక్ష లేకుండానే మందంతటికీ ఒకే నట్టల (కడుపు పురుగుల) మందు తాగించేస్తున్నారు. కోతలయ్యాక సోమశిల కాలువల కింద తడి మళ్లలో మేసిన ఒక మందను మొన్న చూశాను. రెండు గొర్రెలకు దవడ కింద సంచిలా నీరు దిగింది, కనురెప్ప తిప్పితే లోపల సున్నంలా తెల్లగా ఉంది. నత్తల వల్ల సోకే కార్జపు జలగలున్నా, కడుపులో రక్తం పీల్చే నట్టలున్నా పైకి ఇలాగే కనిపిస్తుంది. ఆల్బెండజోల్ ఎదిగిన జలగలనే చంపుతుంది, పిల్ల జలగలకు ట్రైక్లాబెండజోల్ కావాలి. ఇది తెలియక పాపం కాపరులు డబ్బు పోసి మరీ గొర్రెల్ని పోగొట్టుకుంటున్నారు. అంతకంటే టెన్షన్ పెట్టే సంగతి, గొర్రెల్ని కోసే చోట నీటి తిత్తులున్న కార్జాన్ని, ఊపిరితిత్తుల్ని కుక్కలకు విసిరేయడం. వాటిని తిన్న కుక్క మలంలోని బద్దెపురుగు గుడ్లు చేతుల ద్వారా, నీళ్ల ద్వారా మన కడుపులోకి చేరితే మన కాలేయంలోనూ అవే తిత్తులు పెరుగుతాయి. ప్రతి పశువైద్యశాలలో మైక్రోస్కోపు పనిచేసేలా చూడాలి. కాపరి నాలుగు పెంటికలు అగ్గిపెట్టెలో తెస్తే అదే రోజు ఫలితం చెప్పాలి. తిత్తులున్న మాంసాన్ని లోతుగా పూడ్పించాలి. ఏటా ఫిబ్రవరి 10, ఆగస్టు 10 తేదీల్లో పిల్లలకు ఆల్బెండజోల్ మాత్రలిస్తున్నారు కదా, అప్పుడే ఊరి కుక్కలకూ బద్దెపురుగుల మందు ప్రాజిక్వాంటెల్ వేయించాలి.