నీబ్రోప్లాన్‌లో దిగినప్పుడు

తెనాలి
ఆదివారం

చిన్నీ,

పోయిన వారం ఫోన్‌లో "నాన్నా, ఇంతకీ ఆ నాటకం ఒప్పుకున్నావా?" అని అడిగితే మాట దాటేశాను. మీ అమ్మ పక్కనే ఉంది. అందుకే రాస్తున్నాను.

నువ్వు ట్రామ్ దిగే నీబ్రోప్లాన్‌లో బంగారు బొమ్మలున్న తెల్ల పాలరాతి భవనం ఒకటి ఉందన్నావు చూడు, అది డ్రామాటెన్. స్వీడన్ వాళ్ళ జాతీయ నాటకశాల. 1930లలో దాని నటన బడిలో గున్నార్ బ్యోర్న్‌స్ట్రాండ్ అనే కుర్రాడు చదువుకున్నాడు. తండ్రి కూడా నటుడే. అదే రోజుల్లో అక్కడ చదివిన అమ్మాయి ఇంగ్రిడ్ బెర్గ్‌మన్. ఆమె హాలీవుడ్‌కి వెళ్ళి ప్రపంచమంతా ఎరిగిన తార అయింది. గున్నార్ మాత్రం తన భార్యతో కలిసి ఫిన్లాండ్‌లోని వాసా అనే ఊరికి పోయి, అక్కడి స్వీడిష్ నాటకశాలలో వేషాలు వేశాడు. తిరిగొచ్చాక కూడా చాలా ఏళ్ళు చిన్నా చితకా పాత్రలే, అందులోనూ కామెడీ. మనం క్యారెక్టర్ ఆర్టిస్ట్ అంటామే, అదీ ఆయన బతుకు. నూరుకు పైగా సినిమాలు చేశాడు.

నేను ఆయన్ని మొదట చూసింది 1957 నాటి 'ద సెవెంత్ సీల్'లో. అందరూ మృత్యువుతో చదరంగం ఆడే యోధుడి గురించే చెప్తారు. ఆ వేషం మాక్స్ వాన్ సిడోది. ఈయన ఆ యోధుడి వెంట నడిచే సేవకుడు, యోన్స్. నా కళ్ళు మాత్రం ఈయన మీదే ఉండిపోయాయి. యజమాని దేవుణ్ణి వెతుకుతుంటాడు, ఈయన ఎదురుగా ఉన్న మనిషిని చూస్తుంటాడు. దుర్మార్గుడి చేతిలో చిక్కిన పిల్లని కాపాడేదీ ఈయనే. చివర్లో మృత్యువు వచ్చి ముందు నిలబడితే, నోరు మూసుకోమన్నందుకు మూసుకుంటాను గానీ ఇది నాకు సమ్మతం కాదు అని చెప్పి మరీ మూసుకుంటాడు. అరవడు, ఏడవడు. ఆ ముఖం ఒక్కసారి చూడు.

ఆరేళ్ళు తిరిగేసరికి 'వింటర్ లైట్'లో ఈ ఇద్దరి స్థానాలూ తారుమారయ్యాయి. ఈసారి కథంతా మోసింది ఈయన. నమ్మకం పోయిన పాస్టర్, పైగా జలుబు, జ్వరం. వాన్ సిడో కొద్ది సన్నివేశాల్లో కనిపించే జాలరి. లోకం ఏమైపోతుందోనన్న భయంతో ధైర్యం కోసం వస్తే, పాస్టర్ తన సందేహాలన్నీ అతని మీద కుమ్మరిస్తాడు. అతను వెళ్ళి కాల్చుకుని చచ్చిపోతాడు. ఇంత చేసిన మనిషి మీద మనకి కోపం రావాలి కదా? నాకు రాలేదు. ఎందుకు రాలేదా అని రెండు రోజులు ఆలోచించాను. తనని మంచివాడిగా చూపించుకోవాలని ఆయన ఒక్క క్షణం కూడా ప్రయత్నించలేదమ్మా. అందుకే అనుకుంటాను.

1978లో 'ఆటమ్ సొనాటా'లో ఇంగ్రిడ్ బెర్గ్‌మన్, ఈయన ఒకే సినిమాలో కనిపిస్తారు. ఆమె పేరున్న పియానో కళాకారిణి, ఈయన ఆమె ఏజెంట్. రైల్లో ఎదురెదురుగా కూర్చుంటారు. ఆమె మాట్లాడుతుంటుంది, ఈయన వింటుంటాడు. వినడం కూడా నటనేనని మా గురువుగారు చెప్తే పాతికేళ్ళప్పుడు నాకు ఎక్కలేదు.

ఇక అసలు సంగతి. 'ఫానీ అండ్ అలెగ్జాండర్' తీస్తున్నప్పటికి ఆయనకి డెబ్బై దాటాయి. జ్ఞాపకశక్తి తగ్గిపోతోంది. అందులో ఆయనది ఒక ముసలి రంగస్థల నటుడి వేషం. నెత్తిన వెలిగే కొవ్వొత్తి పెట్టుకుని విదూషకుడి పాట పాడాలి. ఆ షూటింగ్ మీద దర్శకుడు ఇంగ్మార్ బెర్గ్‌మన్ తీసిన డాక్యుమెంటరీ నీ పాత ల్యాప్‌టాప్‌లో చూశాను. మళ్ళీ తీస్తారు. మళ్ళీ తీస్తారు. పెద్దాయన మళ్ళీ మొదటి నుంచి మొదలుపెడతాడు. నెత్తిన కొవ్వొత్తి వెలుగుతూనే ఉంటుంది. అక్కడ ఆపేసి, లేచి వరండాలోకి వెళ్ళి కాసేపు నిలబడ్డాను.

నీకు చెప్పని విషయం ఒకటుంది. నిరుడు నాటక పరిషత్తులో నాకు డైలాగ్ పోయింది. సైడ్ వింగ్‌లోంచి ప్రాంప్టర్ రెండుసార్లు అందించాడు. వినపడింది గానీ నోట్లోంచి రాలేదు. ఎదురుగా ఉన్న కుర్రాడు నా మాట కూడా తనే కలుపుకుని సీను లాక్కొచ్చాడు. హాల్లో చాలామందికి తెలియలేదు. నాకు తెలుసు కదా. ఆ రాత్రి మేకప్ తీసుకుంటూ ఇక చాలు అనుకున్నాను. మీ అమ్మకి కాళ్ళ నొప్పులని చెప్పాను. నీకూ అదే చెప్పాను.

ఇప్పుడు వచ్చింది తాత వేషం. మూడో రంగంలో ఒకే ఒక సీను, పదిహేడు మాటలు. పుస్తకం దిండు పక్కనే పెట్టుకున్నాను. పొద్దున మీ అమ్మ కాఫీ గ్లాసుతో వచ్చి, పుస్తకం చూసి ఏమీ అనలేదు. కూర్చుని అవతలి పాత్ర మాటలు చదవడం మొదలుపెట్టింది. పన్నెండో మాట దగ్గర ఆగిపోయాను. ఆవిడ అందించలేదు, ఎదురు చూసింది. కాసేపటికి వచ్చింది.

ఈసారి నీబ్రోప్లాన్‌లో దిగినప్పుడు ఆ గుమ్మం ముందు నిలబడి నాకో ఫోటో పంపు. ఆ చలిలో టోపీ మర్చిపోకు.

సాయంత్రం ఆరింటికి రిహార్సల్. వాళ్ళకి వస్తున్నానని చెప్పేశాను.

మీ నాన్న