ఆర్ట్ షెల్ కంటే 68 ఏళ్ల ముందే ఫ్రిట్జ్ పొలార్డ్

సంపాదకుల వారికి,

అమెరికన్ ఫుట్‌బాల్ ఫైనల్ సూపర్ బౌల్ మీద మీ స్పోర్ట్స్ పేజీలో వచ్చిన వ్యాసంలో, ఆ ఆట లీగు ఎన్‌ఎఫ్‌ఎల్‌లో తొలి నల్లజాతి హెడ్ కోచ్ ఆర్ట్ షెల్ అని, 1989లో రైడర్స్ జట్టుకి కోచ్ అయ్యారని రాశారు. ఆయన రెండోవారు. మొదటివారు ఫ్రిట్జ్ పొలార్డ్. 1921లోనే ఒహాయో రాష్ట్రంలోని యాక్రన్ ప్రోస్ జట్టుకి ఎల్జీ టోబిన్‌తో కలిసి కోచ్‌గా చేశారు. ఇద్దరూ పంచుకున్న పదవి కదా అని కొందరు దాన్ని లెక్కలోకి తీసుకోరు. అలాగైతే క్రికెట్లో ఓపెనర్లు ఎవరూ బ్యాట్స్‌మెన్ కారన్నమాట!

నేను హైస్కూల్లో పీఈటీగా చేసి రిటైరయ్యాను. మా అమ్మాయి వాళ్లు ఒహాయోలో ఉండటం వల్ల ఈ ఆట అలవాటైంది. కబడ్డీ పిల్లలకి కింద పడటం కూడా నేర్పినవాణ్ణి. అందుకేనేమో పొలార్డ్ ట్రోఫీల కంటే ఆయన కింద పడే తీరే నన్ను ఎక్కువ పట్టేసింది. మనిషి 5 అడుగుల 9 అంగుళాలు, బరువు 75 కిలోల లోపు. బంతి చేత్తో పట్టుకుని పరిగెత్తేవాణ్ణి పడగొట్టడం ఆ ఆటలో రూలే. ఈయన్ని మాత్రం పడగొట్టాక కూడా మీద పడి కుమ్మేవాళ్లు. అందుకని నేలకి తగలగానే వెల్లకిలా తిరిగి, బూట్ల కాళ్లు పైకెత్తి గాల్లో ఆడించేవారు. ఇక మీదకి ఎవరు దూకుతారు? ఇలాంటిది ఏ పిల్లాడికీ నేర్పాల్సిన అవసరం నాకు రాలేదు.

యాక్రన్ టైర్ల ఊరు. గుడ్‌ఇయర్, ఫైర్‌స్టోన్ అక్కడ పుట్టినవే. ఆ ఫ్యాక్టరీల్లో పనికి దక్షిణాది రాష్ట్రాల తెల్లవాళ్లు చాలామంది వచ్చారు. సొంత గ్రౌండ్‌లోనే జనం ఆయన్ని బూతులు తిట్టేవాళ్లు. జట్టు యజమానుల్లో ఒకరైన ఫ్రాంక్ నీడ్ చుట్టల దుకాణంలో డ్రెస్ వేసుకుని, అక్కణ్ణుంచి కారులో మైదానానికి వెళ్లేవాణ్ణని ఆయనే తర్వాత చెప్పుకున్నారు. అంత టెన్షన్ మధ్య, లీగు పుట్టిన 1920లోనే యాక్రన్ 8 మ్యాచ్‌లు గెలిచి, 3 డ్రా చేసుకుని, ఒక్కటీ ఓడకుండా చాంపియన్ అయింది. మరుసటి ఏడాది పాల్ రాబ్సన్ కూడా ఆ జట్టుకి ఆడారు. అవును, మన అభ్యుదయవాదులు గాయకుడిగా అభిమానించిన ఆ రాబ్సనే.

తర్వాత మిల్వాకీ, హామండ్, ప్రావిడెన్స్ ఊళ్ల జట్లు తిరిగి, 1926తో లీగులో పొలార్డ్ ఆట ముగిసింది. 1934 నుంచి 1945 దాకా ఆ లీగులో ఒక్క నల్లజాతి ఆటగాడూ లేడు. రాతలో నిషేధమేమీ లేదు, యజమానులు తీసుకోలేదు, అంతే. ఆ రోజుల్లోనే ఈయన న్యూయార్క్‌లో నల్లవాళ్ల పేట అయిన హార్లెంలో బ్రౌన్ బాంబర్స్ అనే నల్లవాళ్ల జట్టుకి కోచింగ్ ఇచ్చారు.

1986లో, 92 ఏళ్ల వయసులో పోయారు. యాక్రన్ పక్కనే కాంటన్‌లో ఉన్న, ఆ ఆటలో మేటివాళ్లని గౌరవించే హాల్ ఆఫ్ ఫేమ్ 2005లో గానీ ఆయన్ని చేర్చుకోలేదు.

సవరణ వేసేటట్టయితే ఏ మూలనో చిన్న అక్షరాల్లో కాకుండా, ఫొటో పెట్టి బాక్స్ ఐటమ్‌గా వేయమని మనవి.

— ఒక రిటైర్డ్ పీఈటీ, తెనాలి